రష్యా రోడ్లు, సీటు కింద నిమ్మకాయ

నేను రష్యా ఎప్పుడూ వెళ్లలేదు. అయినా ఒక చలికాలమంతా, ప్రతి శుక్రవారం మధ్యాహ్నం, కువైట్‌లో ఖైతాన్ పేటలోని మా గదిలో కోడికూరా అన్నమూ తిని, చాప మీద బాసింపట్టు వేసుకుని ఆ దేశం రోడ్లన్నీ చూశాను. ఏ మలుపులో లారీలు బోల్తా పడతాయో, ఏ వంతెన మీద మంచు గడ్డకడుతుందో, ఎలాంటి కుర్రాళ్లు పదో అంతస్తు పిట్టగోడ మీద ఒంటికాలి మీద నిలబడతారో నాకు తెలుసు. ఆ భాషలో అక్షరం ముక్క మాత్రం తెలియదు. మా గదిలో ఇంకో ఇద్దరికి కూడా సరిగ్గా ఇంతే పాండిత్యం అబ్బింది. దాన్ని అంటించినవాణ్ని నేనే కాబట్టి ఈ కథ నేను చెప్పడమే న్యాయం.

రెండువేల పన్నెండు, పదమూడు ప్రాంతం మాట. అప్పట్లో నేను హవల్లీలో ఒక చిన్న దుకాణంలో ల్యాప్‌టాప్‌లు బాగుచేసేవాణ్ని. ఒకరోజు పిల్లలకు పియానో నేర్పే టీచరమ్మ ఒకావిడ తన ల్యాప్‌టాప్ తెచ్చి బల్ల మీద పెట్టింది. ఏ మీట నొక్కినా పది పేజీలు తెరుచుకుంటున్నాయి, ఒక్కటీ మూసుకోవడం లేదు. ఆవిడది రష్యన్ మాట్లాడే దేశం. ఏ దేశమో రెండుసార్లు చెప్పింది గానీ మేం వినిపించుకోకుండా "రష్యా ఆవిడ" అని పేరు పెట్టేశాం. కువైట్‌లో మమ్మల్నందరినీ "హిందీ" అని ఒకే గాటన కట్టినప్పుడు మాకొచ్చే కోపం ఆ పూట గుర్తు రాలేదు. సరే, వైరస్‌లు ఏరుతూ పోతే అన్నీ ఒకే వీడియోల సైటు నుంచి వచ్చాయని తేలింది. చూడకుండా మూసేయడం వృత్తిధర్మం. నేను తెరిచి చూశాను.

మంచు పడ్డ రోడ్డు. కెమెరా కారు అద్దం దగ్గర ఎక్కడో ఉంది. రేడియోలో ఒక ఆడగొంతు హాయిగా పాడుకుంటోంది. ఎదురుగా వస్తున్న లారీ ఉన్నట్టుండి అడ్డం తిరిగింది. కారు జారి జారి, లారీకి జానెడు దూరంలో ఆగింది. పాట ఆగలేదు. నాలుగైదు క్షణాలయ్యాక లోపలున్న మనిషి ఒకే ఒక్క మాట అన్నాడు. అది దేవుడి పేరు కాదని భాష రాని నాక్కూడా అర్థమైంది. కింద వందల మంది ఏవేవో రాశారు. ఆ రాతల చివర వరసగా బ్రాకెట్లు, మూసేవి మాత్రమే. కొందరు మూడు పెడితే కొందరు పది పెట్టారు.

టీచరమ్మ ల్యాప్‌టాప్ తీసుకోవడానికి వచ్చినప్పుడు, నా తెలివితేటలు చూపించుకుందామని, ఈ పురుగులన్నీ ఫలానా చోటు నుంచి వచ్చాయని సైటు తెరిచి మరీ చూపించాను. ఆవిడ ముఖం కందగడ్డ అయింది. తను కాదట, ఇంట్లో పదహారేళ్ల కొడుకున్నాడట. ఆ బ్రాకెట్లేమిటని కూడా అడిగాను. అది వాళ్ల నవ్వు అంది. మనవాళ్లు ఫోన్లలో కళ్లూ నోరూ కలిపి పెట్టే నవ్వుముఖానికి వాళ్లు కళ్లు తీసేసి నోరొక్కటే ఉంచుకున్నారు. వెళ్తూ వెళ్తూ నాకూ తనకూ చాలీచాలని ఇంగ్లీషులో ఇంకో మాట కూడా చెప్పింది. ప్రతి ఇంటికీ ఒక మురిక్కాలవ ఉంటుంది, నువ్వు మా ఇంటికి అందులోంచి వచ్చావు, ఇల్లంతా అలాగే ఉంటుందనుకోకు అని. నేను బుద్ధిగా తల ఊపి, ఆవిడ వెళ్లగానే సైటు పేరు రసీదు వెనక రాసుకున్నాను.

మా గదిలో కాపురం ఇద్దరం. నేనూ, మా కోనసీమ నుంచే వచ్చిన ఒక బాబాయీ. చుట్టరికం లేదు, పెద్దవాడని ఆ పిలుపు. బాబాయి కువైట్ సిటీలో ఒక పెద్ద ఆఫీసులో ఇరవై ఏళ్లుగా టీలు అందిస్తున్నాడు. అరబ్బీ మాకంటే బాగా వచ్చు, అరబ్బుల మర్యాదలు ఇంకా బాగా వచ్చు. మూడో మనిషి శుక్రవారాల చుట్టం. కడప జిల్లా నుంచి వచ్చి ఒక కువైటీ ఇంట్లో పదమూడేళ్లుగా డ్రైవరు చేస్తున్న అన్న. ఆ ఇంటి గేటు పక్కనే ఆయనకో గది ఉంది. శుక్రవారం పొద్దున్నుంచి సాయంత్రం దాకా సెలవు. ఆ సెలవు మా గదిలో గడిపేవాడు, కోడికూర ఆయనే వండేవాడు. కారం కడప లెక్కన వేసేవాడు, మేం కోనసీమ లెక్కన కళ్లు తుడుచుకునేవాళ్లం.

నేను సైటు పట్టుకొచ్చిన మొదటి శుక్రవారమే ముగ్గురం దానికి అతుక్కుపోయాం. బాబాయి కళ్లకు చెయ్యి అడ్డం పెట్టుకునేవాడు గానీ వేళ్ల మధ్య సందులు మాత్రం బాగా ఉంచుకునేవాడు.

"ఏటిరా ఈళ్లకి పోయేకాలం? ఆ క్రేను చివర ఏలాడ్డం దేనికిరా బాబూ?"

"సరదా, బాబాయ్."

"సరదా అయితే పేకాడుకోవచ్చు కదా!"

అక్కడ అన్ని రకాలూ ఉండేవి. క్రేన్లకు వేలాడేవాళ్లు, మేడ మీద నుంచి మంచుకుప్పలోకి దూకేవాళ్లు, రోడ్డు మధ్య కార్లు ఆపుకుని కర్రలతో కొట్టుకునేవాళ్లు. ఎర్ర అక్షరాలతో హెచ్చరిక పెట్టిన గది ఒకటి విడిగా ఉండేది. అది ఒకేసారి తెరిచాం. ఒక మరా, ఒక మనిషి చెయ్యీ కనిపించాయి. బాబాయి బాత్రూములోకి పరుగెత్తాడు. ఆ పై శుక్రవారం మా ఇంట్లో కోడి లేదు, ముద్దపప్పు వండుకున్నాం. అప్పటి నుంచి రక్తం లేనివే చూడాలని ఒక నియమం పెట్టుకున్నాం. మేం చూసేది మర్యాదస్తులు చూసే రకం దారుణమని మాకో గట్టి నమ్మకం.

చూడగా చూడగా అక్కడి మనుషులు కూడా వీధిలో ఇరుగుపొరుగువాళ్లలా అలవాటయ్యారు. సైనికుడి టోపీ పెట్టుకున్న పిల్లి బొమ్మ ఒకడి గుర్తు. కార్ల ప్రమాదాలన్నీ వాడే తెచ్చి పెట్టేవాడు, "పిల్లిటోపీ" అనేవాళ్లం. ఏ వీడియో పెట్టినా మొదట వచ్చినవాడు కారు వేగం లెక్కగట్టేవాడు, రెండోవాడు రోడ్డు వేసినవాణ్ని తిట్టేవాడు, ఆ తర్వాత బ్రాకెట్ల వాన. కంప్యూటరు చేత ఇంగ్లీషులోకి మార్పిస్తే "డ్రైవరు తాగలేదు, రోడ్డు తాగింది" లాంటివి వచ్చేవి. చావు తప్పి కన్ను లొట్టపోయిన మనిషి కింద అన్నన్ని నవ్వులు చూసి బాబాయి "ఎద్దు పుండు కాకికి నొప్పా" అని నిట్టూర్చేవాడు. నిట్టూర్చి, ఇంకోటి పెట్టమనేవాడు.

డ్రైవరన్న మాత్రం నవ్వేవాడు కాదు. మొదట్లో వృత్తిలో ఉన్న మనిషి గనక శ్రద్ధగా చూసేవాడు. బ్రేకు అప్పుడు కాదు, ముందే వేసుండాల్సింది అని తేల్చేవాడు. ఒక శుక్రవారం మాత్రం బొమ్మలు ఆడుతుండగా కంచం ముందు నుంచి లేచి వెళ్లి చెయ్యి కడిగేసుకున్నాడు. ముక్కలన్నీ కంచంలోనే ఉన్నాయి. ఏమైందన్నా అంటే కడుపులో బాగాలేదన్నాడు. రష్యా లారీ కడుపులోకి దూరిందని నేనూ బాబాయీ ఆ సాయంత్రమంతా ఆయన్ని ఆటపట్టించాం.

అప్పటి నుంచి ఆయన తీరు మారింది. వస్తూనే కంప్యూటరుకి దగ్గరగా చాప లాక్కునేవాడు.

"అబ్బీ, మంచు సాల్లే. ఇసుక కనపడేటివి ఉండాయేమో సూడు."

నిజానికి అవి కూడా ఉండేవి. అరబ్బు కుర్రాళ్లు ఖాళీ రోడ్ల మీద కార్లు పక్కకు జార్చడం, రెండు చక్రాల మీద నడపడం అంటే ఆ రష్యావాళ్లకు మహా ముచ్చట. ఎక్కడెక్కడివో ఏరి తెచ్చుకుని బ్రాకెట్లు కుమ్మరించేవాళ్లు. అన్న వాటిని ఒక్కొక్కటే కళ్లు చికిలించి చూసి, చివర్లో ఊపిరి వదిలేవాడు. మంచు చూసి చూసి ఇసుక మీద బెంగ పుట్టిందనుకున్నాం.

ఇంతలో ఆయన బండి నడపడం నెమ్మదించింది. ఆ ఇంటి కొడుకు పెద్దవాడైపోయాడు గనక ఆయన పని ఉదయం ఇద్దరు ఆడపిల్లల్ని బడికి చేర్చడం, తర్వాత యజమానురాల్ని జమియాకి, అంటే సరుకుల స్టోరుకి, తిప్పడం. ఇక్కడ ఇళ్లలో పనిచేసేవాళ్లు యజమానురాల్ని "మామా" అంటారు, యజమానిని "బాబా" అంటారు. అందరూ నూట ఇరవైలో పోయే రింగురోడ్డు మీద మన అన్న అరవైలో పోతున్నాడని, పిల్లలు రోజూ బడికి ఆలస్యం అవుతున్నారని మామా గోల. "యల్లా, యల్లా" అని తొందరపెడుతూ వెనక సీట్లోంచి ఆవిడ, "శ్వయ్య శ్వయ్య, మామా" అని నిదానం చెబుతూ ముందు సీట్లోంచి ఈయన. పైగా టైర్లు ఊరికే అరిగిపోతున్నాయని కూడా ఆయన్నే తిడుతోందట. ఒకసారి కొత్తవి వేయించి మూడు నెలలు కాలేదు, మళ్లీ అడిగితే నువ్వేమన్నా టైర్లు తింటున్నావా అందట.

"అరవైలో పోయేవోడి టైర్లెలా అరుగుతాయయ్యా?" అన్నాడు బాబాయి.

అన్న ఇంకో ఉల్లిపాయ అందుకుని తరగడం మొదలుపెట్టాడు. ఇదంతా రష్యా భయమేనని మేం తేల్చేశాం. మా అంత తెలివైనవాళ్లు ఖైతాన్‌లో ఇంకెవరూ లేరని ఆ రోజుల్లో మాకు అనుమానం కూడా ఉండేది కాదు.

ఆ తర్వాతి శుక్రవారం ఆయన ఒక సంచితో దిగాడు. నిమ్మకాయ, ఏడు పచ్చిమిరపకాయలు, నల్లదారం, మా గది కింద హుక్కా దుకాణంలో అడిగి తెచ్చుకున్న బొగ్గుముక్క. కడపలో వాళ్లావిడ ఫోనులో చెబుతోంది, ఈయన గుచ్చుతున్నాడు. స్పీకరు పెట్టాడు గనక మాకూ వినపడుతోంది.

"బొగ్గు అడుగున గుచ్చు. ఇంగ దారం ముడేసేటప్పుడు బండి నడిపే మనిషిని తలుసుకోని మూడు ముళ్లెయ్యి."

అన్న కళ్లు మూసుకున్నాడు. చాలాసేపు మూసుకునే ఉన్నాడు. తన్ను తాను తలుచుకోవడానికి ఇంతసేపెందుకని బాబాయి నా చెవిలో గొణిగాడు.

"రష్యా లారీకి కడప నిమ్మకాయ!" అని నేను అందుకున్నాను.

ఇక్కడ చిక్కొకటి వచ్చింది. ఊళ్లో అయితే ప్రతి లారీ బంపరుకీ ఈ దండ వేలాడుతూనే ఉంటుంది, ఎవరూ తలెత్తి చూడరు. కువైట్‌లో మామా కారు బంపరుకి కట్టడం కుదరదు. బాబాయి వద్దన్నాడు. ఇరవై ఏళ్లుగా చూస్తున్నాను, ఇక్కడివాళ్లు ఇలాంటివి చూస్తే చేతబడి అంటారయ్యా, పెద్ద గొడవవుద్ది అని చెప్పాడు.

"సీటు కింద పెట్టన్నా, ఎవరు చూస్తారు?" అన్నాను నేను.

ఆ సలహా నాది. ఆయన విన్నాడు, డ్రైవరు సీటు కింద కమ్మీకి కట్టాడు. పది రోజులకు మామా చెవిపోగు ఒకటి కార్లో జారిపోయింది. వెతుకుతూ ఆవిడ సీటు కింద చెయ్యి పెట్టింది.

మంగళవారం మధ్యాహ్నం దుకాణంలో ఉండగా నాకు ఫోనొచ్చింది.

"అబ్బీ, ఖలాస్ అంటాండారు. సిహర్ జేసినానంట. ఆదివారానికి టికెట్టు దీస్తారంట."

సిహర్ అంటే చేతబడి. వాళ్లు పోలీసుల దాకా వెళ్లకుండా టికెట్టుతో సరిపెడుతున్నారంటే పదమూడేళ్ల మంచితనం వల్లే. కానీ ఊరికి టికెట్టంటే ఇఖామా, అంటే ఇక్కడ ఉండే అనుమతి, పోయినట్టే. ఇక్కడ ఇంటి డ్రైవరుకి లైసెన్సు కూడా ఉద్యోగాన్ని అంటుకునే ఉంటుంది. ఇఖామా రద్దయితే అదీ పోతుంది. నలభై ఆరేళ్ల వయసులో, చేతబడి చేశాడన్న పేరుతో, వీసా ఇచ్చి పనిలో పెట్టుకునే ఇంకో కఫీల్ మళ్లీ దొరకడం కల్ల. ఆ మనిషికి బండి నడపడం తప్ప ఇంకో పని రాదు. సైటు తెచ్చింది నేను, సీటు కింద పెట్టమంది నేను.

బాబాయి ఆ ఇంటాయనకు ఫోను చేశాడు. కుశలప్రశ్నలకే ఐదు నిమిషాలు పట్టింది, అసలు విషయం అర నిమిషంలో అయిపోయింది. శనివారం సాయంత్రం వచ్చి మాట్లాడమన్నాడు. నేను ల్యాప్‌టాప్ తెస్తున్నానని, భయం ఎందుకు పుట్టిందో చూపిస్తే వాళ్లకు అర్థమవుతుందని అన్నకి చెప్పాను.

"అది వొద్దబ్బీ. మాటలతో జెప్పండి సాలు. కంప్యూటరొద్దు."

మొహమాటం అనుకున్నాను. సంచిలో పెట్టుకునే వెళ్లాను.

గేటు పక్కన మగవాళ్లు కూర్చునే పెద్ద గదిలో కూర్చోబెట్టారు. బాబా పెద్ద విగ్రహం, చిన్న గొంతు, చేతిలో తస్బీ, వాళ్ల జపమాల. మామా తలుపు దగ్గర కుర్చీలో కూర్చుంది. బల్ల మీద కాగితపు రుమాలు పరిచి దాని మీద మన దండ పెట్టారు. నిమ్మకాయ ఎండి ఉసిరికాయంత అయింది. అన్న గుమ్మం దగ్గర నిలబడ్డాడు, కూర్చోమన్నా కూర్చోలేదు. టీ వచ్చింది. అంత ఆపదలోనూ బాబాయి ఒక గుక్క తాగి, ఏలకులెక్కువయ్యాయని నాకు తెలుగులో చెప్పాడు.

తర్వాత అరబ్బీలో మొదలుపెట్టాడు. దిష్టి అంటే మీకూ తెలుసు, మీరు కారులో అద్దానికి దేవుడి వాక్యం కట్టుకుంటారు, మావాళ్లు నిమ్మకాయ కట్టుకుంటారు, ఎవరికీ కీడు తలపెట్టి కాదు, రోడ్డంటే భయపడి. బాబా అంతా విన్నాడు.

"మంచిదే అయితే ఎందుకు దాచాడు?" అన్నాడు.

బాబాయి నా వైపు చూశాడు. నేను ల్యాప్‌టాప్ తెరిచాను.

మొదటిది మంచు రోడ్డు, అడ్డం తిరిగిన లారీ. "యా సాతర్!" అని దేవుణ్ని తలుచుకున్నాడు బాబా. రెండోదానికి మామా కుర్చీ దగ్గరికి జరుపుకుంది. మీ డ్రైవరు ప్రతివారం ఇవే చూశాడు, అందుకే నెమ్మదిగా నడుపుతున్నాడు, అందుకే నిమ్మకాయ కట్టాడు అని బాబాయి అందుకున్నాడు. బాబా మొహం సడలింది, గెడ్డం నిమురుకుంటూ చిన్నగా నవ్వాడు కూడా. వ్యవహారం గాడిన పడిందని నాకు ఉత్సాహం వచ్చింది. ఊళ్లో సినిమా హాలు ఆపరేటరులా చెయ్యి ఆగలేదు. పక్క వరసలో ఇసుక రంగు బొమ్మ ఒకటి కనిపించింది.

"ఇక్కడి రోడ్లలాంటివి కూడా ఉన్నాయి బాబా" అన్నాను.

"అబ్బీ, సాల్లే. మూసెయ్" అన్నాడు అన్న గుమ్మంలోంచి. ఆ గొంతు నేనెప్పుడూ వినలేదు. అయినా విననట్టే నొక్కాను.

పక్క సీట్లో కూర్చున్నవాడెవడో తీసింది. తిన్నని రోడ్డు, రెండువైపులా ఇసుక. కారు లోపల డ్యాష్‌బోర్డు మీద గులాబీ రంగు అల్లికతొడుగు వేసిన టిష్యూ డబ్బా. అద్దానికి ఊగుతున్న బంగారు రంగు వాక్యం. కారు నిలువుగా కాకుండా అడ్డంగా పోతోంది. ఎదురుగా నీళ్ల లారీ హారను మోగిస్తూ వచ్చి, బెత్తెడు దూరంలో దాటిపోయింది. లోపల ఇద్దరు పడీపడీ నవ్వారు. నడిపేవాడు ఏదో అరిచాడు.

మామా లేచి నిలబడింది. ఆ తొడుగు అల్లింది ఆవిడే. దాన్ని గుర్తుపట్టే అవసరం కూడా రాలేదు, తల్లికి గొంతు చాలు. తన పెద్దకొడుకు పేరు ఒక్కసారి పిలిచింది, ఇంట్లోకి కాదు, తెరకేసి.

బొమ్మ కింద బ్రాకెట్లు వరసలు వరసలుగా ఉన్నాయి. అవేమిటని మామా నన్ను అడిగింది. నవ్వుతున్నారు మామా, అన్నాను. ఎందుకు నవ్వుతున్నారు అంది. ఒక చలికాలమంతా వాళ్లతో కలిసి నేనూ నవ్వాను, అయినా నాకు జవాబు తెలియలేదు. అంత సిగ్గు నేను ఇంకెప్పుడూ పడలేదు.

కుర్రాణ్ని పిలిచారు. పంతొమ్మిదేళ్లవాడు, గుమ్మం కంటే కాస్తే పొట్టి. చదువు పూర్తయ్యేదాకా కారు కొననని బాబా పట్టు. అందుకని శుక్రవారాలు, ఇంట్లో అందరూ తాతగారింటికి భోజనానికి వెళ్లాక, డ్రైవరు సెలవులో ఉన్న ఈ బండి తీసేవాడు. తెర చూసి తలదించుకున్నాడు. ఎన్ని శుక్రవారాలని తండ్రి అడిగితే లెక్క చెప్పలేకపోయాడు. బాబా అన్న వైపు తిరిగాడు.

"నీకు తెలుసా?"

"తెలుసు బాబా."

"టికెట్టు తీస్తానన్నా ఎందుకు చెప్పలేదు?"

అన్నకి వచ్చిన అరబ్బీ జమియాకీ బడికీ సరిపోయేంతే. పదమూడేళ్ల క్రితం తను ఈ ఇంటికి వచ్చేనాటికి ఆ పిల్లాడు ఒకటో తరగతి. అది చెప్పాలని చూసి, మాటలు రాక, అరచెయ్యి నడుము ఎత్తున గాలిలో ఆపి చూపించాడు. "ఇస్కూలు, బాబా. నేను, ఇతను" అన్నాడు. ఆ చెయ్యి పక్కనే ఆ పిల్లాడు ఆయనకంటే జానెడు పొడుగ్గా నిలబడి ఉన్నాడు.

మామా బల్ల మీద దండ కేసి చూసి, ఇదెవరికి అని అడిగింది. అన్న గెడ్డంతో కుర్రాడి వైపు చూపించాడు.

ఆవిడ రుమాలు నాలుగు మూలలూ మడిచి దండను చుట్టి బాబాయి చేతికిచ్చింది. ఇది మాకు తప్పు, నా ఇంట్లో ఉండకూడదు, బయట పడేయండి అంది. అన్నతో మాత్రం ఆయన మొహం చూడకుండా ఒకే మాట అంది.

"రేపు టైర్లు మార్పించు."

బాబా కొడుకు చేతిలో తాళాల కోసం చెయ్యి చాపాడు. టికెట్టు మాట ఆ ఇంట్లో మళ్లీ రాలేదు.

గేటు దాకా అన్న మాతో వచ్చాడు. శనివారాలు పొద్దున్నే సీటు వెనక్కి జరిగి ఉండేదట, టైర్లు రబ్బరు వాసన కొట్టేవట. అనుమానంగానే ఉండేది. ఆ రోజు మా గదిలో కంచం ముందు లేచిపోయింది ఈ బొమ్మ చూసే. ఆ తర్వాత వారవారం ఇసుక బొమ్మలు పెట్టమంది పిల్లాడు మళ్లీ ఎక్కడన్నా కనిపిస్తాడేమోనని. అరవైలో నడిపింది, ఆ అరిగిన టైర్ల మీద వెనక సీట్లో ఆడపిల్లలున్నారని.

"మాకైనా చెప్పొచ్చు కదన్నా? మేమేమో వెటకారాలాడాం."

"మీరు నవ్వుతాంటే నాగ్గూడా రోంత నవ్వొచ్చేది లేబ్బీ. మీకు జెప్తే నువ్వు ఊరుకుంటావా? ఆ మామాకి ఫోను జేసుంటావు. పిల్లోడు ఇంగ జన్మలో నా మొగం జూడడు."

నిజమే, చేసుండేవాణ్ని. రుమాల్లో దండ పడేయడానికి బాబాయికి మనసు రాలేదు. ఖైతాన్ దాకా జేబులోనే పెట్టుకొచ్చాడు.

ఆ తర్వాత అన్నకి శుక్రవారం సెలవు పోయింది, శనివారానికి మారింది. శుక్రవారాలు కుర్రాడు ఎక్కడికి వెళ్లాలన్నా అన్నే నడపాలని బాబా హుకుం. ఒకసారి దారిలో మా వీధికొచ్చి ఆపితే చూశాను. పక్క సీట్లో ఆ పిల్లాడు, స్నేహితులెవరైనా చూస్తారేమోనని టోపీ కళ్ల దాకా లాక్కుని కూర్చున్నాడు. అన్న కొత్త టైర్ల మీద కూడా అరవైలోనే పోయాడు. ఇటు మా గదిలో కోడికూర బాబాయి చేతికి వచ్చింది. బెల్లం వేశాడా అన్నంత చప్పగా ఉండేది. రష్యా పేజీలు తెరవాలని ఎవరికీ అనిపించలేదు.

ఒక్కసారి మాత్రం తెరిచాను. ఆ బొమ్మ తీసేయించాలనిపించింది. రష్యన్‌లో ఒక్క ముక్క రాయలేను గనక, పియానో టీచరమ్మ చార్జరు కోసం దుకాణానికి వచ్చినప్పుడు సిగ్గు విడిచి అడిగాను. సంగతంతా విని, కళ్లజోడు పెట్టుకుని, బల్ల దగ్గరే నిలబడి రెండు వాక్యాలు కొట్టిపెట్టింది. ఈ కారులో అబ్బాయికి ఏమీ కాలేదు, వాళ్లమ్మ ఇది చూసింది, దయచేసి తీసేయండి అని.

వారం తర్వాత తనే వచ్చి జవాబులు చదివిపెట్టింది. బొమ్మ తీయలేదు. ఒకడు ఆ లారీ వేగం లెక్కగట్టాడు. చాలామంది బ్రాకెట్లు పెట్టారు. ఇద్దరు వాళ్లలో వాళ్లు తిట్టుకున్నారు. ఆవిడ చదువుతూ చదువుతూ ఒకచోట ఆగి, కళ్లజోడు తీసి తుడుచుకుంది.

"ఇక్కడ ఒకతను, బతికే ఉన్నాడా, దేవుడి దయ, చెప్పినందుకు సంతోషం అని రాశాడు" అంది.

దాని చివర బ్రాకెట్లు లేవు. పక్కన సైనికుడి టోపీ పెట్టుకున్న పిల్లి ఉంది. ఒక చలికాలమంతా మేం ఆడిపోసుకున్నవాడే.

ఆ సాయంత్రం అన్నకి ఫోను చేసి చెప్పాను. ఆడపిల్లల్ని ట్యూషన్ దగ్గర దింపి బయట కారులో కాచుకుని ఉన్నాడు.

"ఆ రాసినోడు డ్రైవరా అబ్బీ?" అని అడిగాడు.

"తెలీదన్నా. పిల్లి బొమ్మ తప్ప ఏమీ లేదు."

"డ్రైవరే అయ్యుంటాడు లే" అన్నాడు.